మా ఊరి జడ్పీ హైస్కూలుకు 75 ఏళ్లు: చరిత్ర రాయాలంటే ఏ కాగితాలు చూడాలి?

రేపల్లె ప్యాసింజర్
అందరికీ నమస్కారం. మాది తెనాలి నుంచి రేపల్లె వెళ్లే దారిలో చిన్న ఊరు. మా జిల్లా పరిషత్ హైస్కూలుకు వచ్చే ఏడాది 75 ఏళ్లు నిండుతాయని పెద్దలు అంటున్నారు. పూర్వ విద్యార్థులం కలిసి ఒక ప్రత్యేక సంచిక వేద్దామని మొదలుపెట్టాం. ఇప్పటిదాకా చేతికొచ్చిన రాతలన్నీ ఒకే దారిలో ఉన్నాయి. ఫలానా హెడ్మాస్టరు గారు దేవుడు, ఫలానా పెద్దాయన స్థలం ఇచ్చారు, మా బ్యాచిలో ఫలానావాడు కలెక్టరాఫీసులో పెద్ద ఉద్యోగి. ఇవి వద్దని కాదు. కానీ బడి ఏ సంవత్సరం పెట్టారన్న దగ్గరే ఊళ్లో మూడు మాటలు ఉన్నాయి. పాత బిల్డింగు శిలాఫలకం మీద ఒక ఏడాది, గేటు ఆర్చీ మీద ఇంకో ఏడాది, మొదటి బ్యాచివాళ్ల నోట మరో ఏడాది. స్థలం ఇచ్చింది ఒకరా, నలుగురా అన్నది వేరే తగువు.

నాకు మనుషుల పొగడ్తలకన్నా ముందు కాగితాలు కావాలనిపిస్తోంది. ఎక్కడ వెతకాలో తెలిసినవాళ్లు చెప్పండి.

లెక్కల మాస్టారు
బాబూ, నేను ముప్పై ఏళ్లకు పైగా జడ్పీ స్కూళ్లలోనే పనిచేసి రిటైరయ్యాను. ముందు హెడ్మాస్టరు గారిని అడిగి ఆఫీసు గదిలో ఇనప బీరువా తెరిపించండి. అన్ని రికార్డులూ ఎప్పుడో ఒకప్పుడు పోతాయి గానీ అడ్మిషన్ రిజిస్టరు మాత్రం శాశ్వత రికార్డు, దాన్ని పారేయకూడదు. మొదటి వాల్యూము దొరికితే మీ చరిత్రలో సగం దొరికినట్టే.

దాన్ని పేర్ల కోసం చూడొద్దు, గడులన్నీ చదవండి. పిల్లవాడి పేరు, తండ్రి పేరు, తండ్రి వృత్తి, కులం, పుట్టిన తేదీ, అంతకుముందు చదివిన బడి, చేరిన తరగతి, బడి వదిలిన తేదీ, వదలడానికి కారణం. ఈ చివరి గడి దగ్గర కాసేపు ఆగండి. 'దీర్ఘకాలిక గైర్హాజరు, పేరు తొలగించడమైనది' అని ఎర్ర సిరాతో ఉంటుంది. ఏ నెలల్లో ఎక్కువ తొలగించారో చూడండి. నాట్లు, కోతల నెలల్లో పడితే ఆ పిల్లలు ఎక్కడికి వెళ్లారో వేరే ఎవరూ చెప్పక్కర్లేదు. ఆడపిల్లల పేర్లు ఏ తరగతి దగ్గర ఆగిపోతున్నాయో కూడా చూడండి. మీ సంచికలో ర్యాంకులొచ్చినవాళ్ల ఫొటోలు ఎలాగూ వేస్తారు. పేరు తొలగించినవాళ్ల గురించి ఒక్క పేజీ అయినా రాయండి.

ఇంకోటి. పుట్టిన తేదీల్లో జూలై 1 కుప్పలుగా కనిపిస్తుంది. ఇంట్లోవాళ్లకు తేదీ తెలియనప్పుడు చేర్చుకునే అయ్యవారే వయసు లెక్కకు సరిపోయేలా ఏదో ఒకటి వేసేవారు. కాబట్టి ఆ తేదీల మీద ఏ లెక్కా కట్టకండి.

పాత కాగితం
మాస్టారు చెప్పింది ముమ్మాటికీ నిజం. మీ మూడు సంవత్సరాల తగువు గురించి నేను చెబుతాను. మూడూ నిజమే అయ్యుండొచ్చు.

మీ ప్రాంతం అప్పట్లో మద్రాసు రాష్ట్రం. 1920 స్థానిక బోర్డుల చట్టం ప్రకారం జిల్లా బోర్డులు, తాలూకా బోర్డులు బళ్లు నడిపేవి. తాలూకా బోర్డులు 1934లో రద్దయ్యాయి, బళ్లు జిల్లా బోర్డు కిందకి వచ్చాయి. అందుకే మీ ఊళ్లో ముసలివాళ్లు ఇప్పటికీ 'బోర్డు హైస్కూలు' అంటారు, గమనించండి. అప్పట్లో తరగతులు కావు, ఫారాలు. ఫస్ట్ ఫారం అంటే ఇప్పటి ఆరో తరగతి, సిక్స్త్ ఫారం అంటే పదకొండు, అదే ఎస్సెస్సెల్సీ, అంటే బడి చదువు ముగిసే పరీక్ష. కొత్తగా హైస్కూలు ఇచ్చినప్పుడు అన్ని ఫారాలూ ఒక్కసారే తెరవరు. ఈ ఏడాది ఫోర్త్ ఫారం, వచ్చే ఏడాది ఫిఫ్త్, ఆపై ఏడాది సిక్స్త్. అంటే బడి మంజూరైన ఏడాది ఒకటి, మొదటి ఎస్సెస్సెల్సీ బ్యాచి పరీక్ష రాసిన ఏడాది ఇంకొకటి, ఆలోగా పాకల్లోంచి పక్కా బిల్డింగులోకి మారిన ఏడాది మరొకటి. మీ శిలాఫలకం మీదున్నది బిల్డింగు సంవత్సరం కావచ్చు.

ఇక 'జిల్లా పరిషత్' అన్న పేరు 1959 తర్వాతే వచ్చింది. ఆ ఏడాది ఆంధ్రప్రదేశ్ పంచాయతీ సమితులు, జిల్లా పరిషత్తుల చట్టం వచ్చి, నవంబరు 1 నుంచి జిల్లా బోర్డుల బళ్లు పరిషత్తుల చేతికి వెళ్లాయి. గేటు మీద 'జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాల, స్థాపితం 1951' అని ఉంటే, పేరు తర్వాతది, ఏడాది ముందుది.

రేపల్లె ప్యాసింజర్
పాత కాగితం గారూ, మీరు చెప్పాక మా మూడు సంవత్సరాలు పక్కపక్కన పెట్టి చూశాను. మొదటిదానికీ చివరిదానికీ తేడా సరిగ్గా మూడేళ్లు! మా పెదనాన్న ఫోర్త్ ఫారంలో మొదటి బ్యాచి అని చెప్పుకొనేవారు. ఇప్పుడు అర్థమైంది.

ఒక ఇబ్బంది ఉంది. 1977 నవంబరు 19 తుపానులో మా బడి వరండాలోకి నీళ్లొచ్చాయి. ఊరు ఊరంతా అప్పుడు బడిలోనే తలదాచుకుంది. బీరువా కింది అరలో ఉన్న రెండు రిజిస్టర్లు తడిసి, ఆరాక కాగితాలు ఒకదానికొకటి అంటుకుపోయాయి. వాటిని ఎలా విప్పాలి?

పాత కాగితం
చేత్తో పీకొద్దు. తడి తగిలించి విప్పుదామనీ ప్రయత్నించొద్దు, పాత సిరా కారిపోతుంది. విడివిడిగా ఉన్న పేజీలన్నీ ముందు ఫొటోలు తీసేయండి. ఎండలో పెట్టకుండా గాలి తగిలే నీడలో ఉంచండి. సెల్లో టేపు వేయడం, లామినేషన్ చేయించడం రెండూ వద్దే వద్దు. లామినేషన్ చేస్తే పదిలంగా ఉంటుందనుకుంటారు, కానీ ఆ కాగితాన్ని మళ్లీ బయటికి తీయలేం. అంటుకుపోయిన కట్టను గుడ్డలో చుట్టి, రాష్ట్ర ఆర్కైవ్స్‌లో కాగితాలు బాగుచేసేవాళ్లకు చూపించండి.

పేట నుంచి
లెక్కల మాస్టారు గారు 'అంతకుముందు చదివిన బడి' అన్న గడి ప్రస్తావించారు కదా, దాని గురించి కొంచెం వివరంగా రాస్తాను. మాదీ గుంటూరు జిల్లానే. మా పేటలో చాలామందికి ఆ గడిలో మిషన్ స్కూలు అని ఉంటుంది. మా తాతలకు మొదట అక్షరం నేర్పింది లూథరన్ మిషన్ వాళ్ల ఎలిమెంటరీ బడి. చర్చి పాకలోనే బడి, పగలు పంతులు, ఆదివారం ప్రసంగం ఆయనే. బోర్డు హైస్కూలు వచ్చాక ఆ బడిలో ఐదు పాసైనవాళ్లు ఊళ్లోకి నడిచి వెళ్లి చేరారు. మీ సంచికలో 'బడి రాకముందు ఊళ్లో చదువే లేదు' అని రాస్తే అది సగం ఊరి మాటే అవుతుంది.

మా నాన్న హైస్కూలు రోజుల్లో నీళ్ల కుండ దగ్గర ఎవరు పోస్తే తాగాలో రాయని నియమం ఒకటుండేదని చెప్పేవారు. ఆ నియమాన్ని ఒక సైన్సు మాస్టారు పగలగొట్టారు. ఏమీ మాట్లాడకుండా రోజూ మా వాళ్ల చేతే నీళ్లు పోయించుకుని క్లాసులో అందరి ముందూ తాగేవారట. నాన్న ఆ మాస్టారి పేరు చెప్పేటప్పుడల్లా లేచి నిలబడేవారు. ఇలాంటివి ఏ రిజిస్టరులోనూ ఉండవు. మీ ఊళ్లో పేటకు వెళ్లి, ఎనభై దాటిన వాళ్ల దగ్గర కూర్చుని అడగాలి. సభకు పిలిస్తే చెప్పరు, ఇంటికి వెళితే చెబుతారు.

ఇంకా సాంఘిక సంక్షేమ హాస్టలు. హైస్కూలున్న ఊళ్లో హాస్టలుంటే చుట్టుపక్కల పది ఊళ్ల పిల్లలకు పది పూర్తయ్యేది. లేని చోట ఏడుతో ఆగిపోయేది. హాస్టలు ఏ సంవత్సరం వచ్చిందో తెలుసుకుని, ఆ తర్వాత మూడు నాలుగేళ్ల అడ్మిషన్లు చూడండి.

రేపల్లె ప్యాసింజర్
అన్నా, మీరు రాసింది చదివి మా కమిటీ గ్రూపులో పెట్టాను. ఇద్దరు ఇప్పటికే మా పేట పెద్దలతో మాట్లాడ్డానికి ఒప్పుకున్నారు. ధన్యవాదాలు.

పాలమూరు పిల్లగాడు
మా దిక్కు కథ వేరే. మాది షాద్‌నగర్ పక్కన. మా ఊరి హైస్కూలు పాత రిజిస్టరు మొదటి పేజీలన్నీ ఉర్దూలో ఉన్నయి. నిజాం కాలంలో చదువు ఉర్దూలోనే గద. వస్తానియా అంటే మిడిల్ స్కూలు, ఫౌఖానియా అంటే హైస్కూలు. ఇంట్ల తెలుగు మాట్లాడి, బడిల లెక్కలు, చరిత్ర అన్నీ ఉర్దూల చదివిన తరం మాది. మా తాత తెలుగు ఉత్తరం రాయాలంటే ఇబ్బంది పడేటోడు, ఉర్దూల మాత్రం గొలుసుకట్టు రాత రాసేటోడు. 1948 సెప్టెంబర్ల పోలీసు చర్య అయినంక తెలుగు మీడియం వచ్చింది. రిజిస్టరుల ఒక పేజీ దాక ఉర్దూ, తర్వాతి పేజీ నుంచి తెలుగు. నేను ఆ పేజీ ఫొటో ఫోన్ల దాచుకున్న.

తెలంగాణ వైపు ఎవరన్న బడి చరిత్ర రాస్తుంటే ఒక మాట: ఉర్దూ చదివేటోళ్లు మీ ఊర్లనే ఉంటరు, మసీదుకాడ పెద్దమనుషులను అడగండి. మా రిజిస్టరు మొత్తం ఒక రిటైర్డ్ ఉర్దూ పండితుడు కూర్చొని చదివి పెట్టిండు. పైస తీసుకోలే.

మా షాద్‌నగర్‌కు ఇంకో ముచ్చట ఉంది. 1959ల అప్పటి ఆంధ్రప్రదేశ్‌ల పంచాయతీరాజ్ మొదలైంది మా దగ్గర్నే, నెహ్రూ వచ్చిండు.

దస్తావేజు లేఖరి
స్థలం సంగతి నేను చెబుతాను, మా వృత్తే అది. స్థలం ఇచ్చింది ఒకరా నలుగురా అని ఊళ్లో వాదించుకుంటే తెగదు. సబ్ రిజిస్ట్రారు ఆఫీసులో తెగుతుంది. ఆన్‌లైన్‌లో ఈసీ, అంటే ఆ స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్ల పట్టీ, 1983 నుంచే వస్తుంది, మీది 1950ల సంగతి కాబట్టి ఆఫీసుకే వెళ్లి పాత పుస్తకాల్లో వెతికించాలి. సర్వే నంబరు, దాత పేరు రెండూ పట్టుకెళ్లండి. బోర్డు కాలంలో దానపత్రాలు సాధారణంగా జిల్లా బోర్డు ప్రెసిడెంటు పేర రాసేవారు. హద్దుల దగ్గర 'తూర్పు ఫలానావారి చేను, పడమర డొంక' అని ఉంటుంది. దాన్ని బట్టి అప్పటి ఊరు ఎంతవరకు ఉందో కూడా తెలుస్తుంది.

తర్వాత తాసీల్దారు ఆఫీసులో అడంగల్ (భూమి ఎవరి పేర, ఎవరి సాగులో ఉందో రాసే రికార్డు), ఎఫ్‌ఎంబీ స్కెచ్ (సర్వే కొలతల పటం) చూడండి. తెలంగాణ వాళ్లయితే 1954-55 ఖాస్రా పహాణీ అనే భూమి రికార్డు అడగండి. చాలా ఊళ్లలో నోటిమాటగా ఇచ్చిన స్థలం రికార్డులో ఇప్పటికీ దాత తండ్రి పేరనే ఉంటుంది. రోడ్డు వెడల్పయి రేటు పెరిగాక మనవలు వచ్చి కొలతలు వేస్తారు. సంచిక సంగతి అటుంచి, బడి స్థలం బడి పేర లేకపోతే ముందు ఆ పని చూడండి.

నేను స్వయంగా చూసినది ఒకటి చెబుతాను, ఊరి పేరు వద్దు. బడి గోడ మీద ఒకే దాత పేరు చెక్కి ఉంది. పత్రాలు తీస్తే రెండు. రెండోది ఒక వితంతువు తన పసుపు కుంకుమల పొలంలోంచి ఇచ్చినది, బడికి ఆటస్థలం మొత్తం ఆవిడదే. దానపత్రం అడుగున ఆవిడ వేలిముద్ర ఉంది. ఊళ్లో ఆవిడ పేరు తెలిసినవాళ్లు ఒక్కరు లేరు.

రేపల్లె ప్యాసింజర్
ఇది చదివాక నిద్ర పట్టలేదండీ. మా ఆటస్థలం కూడా మెయిన్ బిల్డింగు సర్వే నంబరులో లేదు, వేరే నంబరు. దాని పత్రం ఎక్కడుందో ఇంతవరకు ఎవరూ అడగనే లేదు.

డల్లాస్ నుంచి
నేను మీ పక్క ఊరివాణ్ణే, పది వరకు జడ్పీ స్కూల్లోనే చదివాను. ఇక్కడ మా స్నేహితులం ఏటా కొంత డబ్బు పోగుచేసి పంపుతాం. ఇంతకాలం ఆర్చీ, స్టేజీ, వాటర్ ప్లాంటు అంటే ఇచ్చాం. రికార్డుల స్కానింగు కోసం ఇమ్మని ఇప్పటివరకు ఎవరూ అడగలేదు. ఆర్చీకి అయ్యే ఖర్చులో చిన్న భాగం చాలు కదా. మా పేర్లు ఎక్కడా వేయక్కర్లేదు.

కానీ ఒక ప్రశ్న. మా బడిలో పిల్లల సంఖ్య ఏటా తగ్గుతోంది. పొద్దున్నే ఊళ్లోకి ప్రైవేటు స్కూళ్ల వ్యాన్లు వరుసగా వస్తాయి. బడే నిలుస్తుందో లేదో తెలియనప్పుడు చరిత్ర మీద పెట్టే శ్రమ ట్యూషన్ మీదో, ఇంగ్లీషు టీచర్ మీదో పెడితే మంచిది కాదా?

సీమ టీచరమ్మ
డల్లాస్ అన్నగారూ, నేను ప్రస్తుతం జడ్పీ హైస్కూల్లో సోషల్ చెబుతున్నాను, అనంతపురం వైపు. మీ ప్రశ్న మా స్టాఫ్ రూములో రోజూ వినిపించేదే. నా అభిప్రాయం సూటిగా చెబుతాను. చరిత్ర తెలియని బడిని మూయడం, కలపడం చాలా తేలిక. 'స్ట్రెంగ్త్ ఇంత, టీచర్లు ఇంతమంది' అన్న కాగితం ఒక్కటే పైకి వెళితే బడి ఒక అంకె అవుతుంది. ఈ స్థలం ఊరు ఇచ్చింది, ఈ గదులు ఊరు కట్టింది అని పత్రాలతో సహా చూపించగలిగితే అధికారులు కూడా ఆగి మాట్లాడతారు. 2022లో 3, 4, 5 తరగతులను హైస్కూళ్లకు కలిపినప్పుడు తల్లిదండ్రులు బళ్ల ముందు కూర్చున్న ఊళ్లు మన రాష్ట్రంలో ఎన్నో. అక్కడ జనం అడిగింది 'మా బడి' అనే.

ఇంగ్లీషు మీడియం లేకే పిల్లలు పోతున్నారన్న మాటను కూడా రికార్డు చూసే మాట్లాడాలి. 2008లోనే సక్సెస్ స్కూళ్ల పేరుతో ఉమ్మడి రాష్ట్రంలో 6,500 హైస్కూళ్లలో ఇంగ్లీషు మీడియం సెక్షన్లు పెట్టారు. అడ్మిషన్ రిజిస్టరులో ఆ ఏడాది ముందూ వెనకా చూడండి, మీ ఊళ్లో పిల్లలు నిలిచారో లేదో తెలుస్తుంది. మా బడిలో రెండేళ్లు పెరిగి, సబ్జెక్టు టీచర్ల పోస్టులు ఖాళీ అయ్యాక మళ్లీ తగ్గారు. మీడియం కన్నా ఖాళీ పోస్టులే మమ్మల్ని ఎక్కువ దెబ్బతీశాయని నేను గట్టిగా నమ్ముతాను.

ఇంకో విషయం. ప్రభుత్వ బళ్లను బాగుచేసే నాడు-నేడు పథకం 2019 నవంబరులో మొదలయ్యాక బళ్లకు మంచి బెంచీలు, టాయిలెట్లు, రంగులు వచ్చాయి. మా ఆడపిల్లలకు టాయిలెట్ల వల్ల జరిగిన మేలు నేను కళ్లారా చూశాను. అయితే పాత గదులు పడగొట్టే చోట శిలాఫలకాలు మట్టితో పాటు ట్రాక్టర్లలో వెళ్లిపోకుండా చూసుకోండి. మా బడిలో ఒకటి పిల్లలే మోసుకొచ్చి లైబ్రరీ గోడకు ఆనించారు.

లెక్కల మాస్టారు
అమ్మా, ఖాళీ పోస్టుల గురించి మీరన్నది అక్షర సత్యం. నేను పనిచేసిన ఒక బడిలో నాలుగేళ్లు ఫిజిక్స్ కూడా నేనే చెప్పాను.

నారాయణపూర్ రోడ్డు
పల్లెలో ప్రభుత్వ బడి అంటే సర్వేల్ గుర్తుకు రాకుండా ఉండదు. మాది ఆ చుట్టుపక్కలే. 1971లో పి.వి. నరసింహారావు గారు ముఖ్యమంత్రిగా ఉన్నప్పుడు గురుకుల పాఠశాల మొదలైంది సర్వేల్‌లో. అప్పుడు నల్లగొండ జిల్లా, ఇప్పుడు యాదాద్రి భువనగిరి. ఆ బడికి స్థలం ఇచ్చింది సర్వోదయ కార్యకర్త మద్ది నారాయణరెడ్డి గారు. వినోబా భావేకు 1951లో మొదటి భూదానం దొరికిన పోచంపల్లి కూడా మా జిల్లాలోనిదే. ఆ గాలి ఇరవై ఏళ్ల తర్వాత బడి స్థలంగా మా ఊళ్లకు చేరిందని నేను అనుకుంటాను. సర్వేల్ తర్వాత తాడికొండ, కొడిగెనహళ్ళి వచ్చాయి. తర్వాత పి.వి. గారే కేంద్రంలో విద్యాశాఖ చూస్తున్నప్పుడు నవోదయ విద్యాలయాలు వచ్చాయి.

సర్వేల్ గొప్పతనం మీద చాలా రాశారు. నేను చెప్పేది వేరే. ఎంట్రెన్సు రాసి సర్వేల్ సీటు తెచ్చుకున్న పిల్లవాడి గురించి అందరికీ తెలుసు. అదే ఊళ్లో సీటు రాక మామూలు హైస్కూలుకు సైకిల్ మీద వెళ్లినవాళ్ల బడికి మాత్రం చరిత్ర లేదు. ఏ పరీక్షా పెట్టకుండా గేటులోకి వచ్చిన ప్రతి పిల్లనూ చేర్చుకునే బడి జడ్పీ హైస్కూలే. రేపల్లె అన్నా, మీ సంచికలో ఆ మాట పెద్ద అక్షరాలతో వేయండి.

పాత కాగితం
ఇంకొన్ని చోట్లు. సెన్సస్ వాళ్ల జిల్లా హ్యాండ్‌బుక్కులు చూడండి, 1961 దాంట్లో ఊరి వారీగా ఏ స్థాయి బడి ఉందో ఉంటుంది. ప్రెస్ అకాడమీ ఆర్కైవ్స్‌లో ఆంధ్రపత్రిక, కృష్ణాపత్రిక, తెలంగాణ వాళ్లకు గోలకొండ పత్రిక పాత సంచికలు ఉన్నాయి. మీ ఊరి పేరుతో 'పాఠశాల ప్రారంభోత్సవం' వార్త దొరికే అవకాశం ఉంది. బడిలో విజిటర్స్ బుక్ తప్పకుండా వెతకండి. ఇన్‌స్పెక్షన్‌కు వచ్చిన డీఈఓలు (జిల్లా విద్యాధికారులు) 'సైన్సు గది కప్పు కారుచున్నది' లాంటివి రాసి సంతకం పెడతారు.

పదకొండో తరగతి ఎస్సెస్సెల్సీ పోయి, 1969 ప్రాంతంలో పదో తరగతి, దాని మీద రెండేళ్ల ఇంటర్ వచ్చాయి. అంతవరకు ఊళ్లోనే పదకొండు చదివిన ఆడపిల్ల ఆ తర్వాత పది దగ్గర ఆగిపోయిన ఇళ్లు ఉన్నాయి, ఇంటర్‌కు తెనాలి పంపాలి కాబట్టి. మీ ఊళ్లో ఆ వయసు అమ్మమ్మల్ని అడగండి.

కొత్త జిల్లాలు 2022లో వచ్చి మీది బాపట్ల జిల్లాలోకి మారి ఉండొచ్చు, కానీ జడ్పీ రికార్డుల కోసం గుంటూరుకే వెళ్లాలి. పరిషత్తులు పాత జిల్లాల లెక్కనే నడుస్తున్నాయి.

పేట నుంచి
స్కాన్ చేసేటప్పుడు ఒక జాగ్రత్త. కులం, పుట్టిన తేదీ, తండ్రి వృత్తి ఉన్న పేజీలను యథాతథంగా ఫేస్‌బుక్‌లో పెట్టకండి. ఆ మనుషులు, వాళ్ల పిల్లలు ఇంకా ఊళ్లోనే ఉన్నారు. లెక్కలు తీసి రాయండి, పేజీ ఫొటో వేయాల్సి వస్తే ఆ గడులు కప్పేయండి.

రేపల్లె ప్యాసింజర్
తప్పకుండా. హెడ్మాస్టరు గారు ఒప్పుకున్నారు, రిజిస్టర్లు బడి దాటి బయటికి వెళ్లకూడదని ఒక్కటే షరతు. డల్లాస్ గారి స్నేహితులు స్కానరు కొనిస్తామన్నారు, అది బడికే ఉంటుంది. సీమ టీచరమ్మ గారు చెప్పాక తొమ్మిదో తరగతి పిల్లల్ని కూడా కలుపుకుంటున్నాం. పేజీలు తిప్పడం మా పని, 'వదలడానికి కారణం' గడి లెక్కకట్టడం వాళ్ల పని. వాళ్ల ఊరి లెక్క వాళ్లే కట్టాలని మా సోషల్ మాస్టారి పట్టుదల.

లేఖరి గారూ, ఆటస్థలం సర్వే నంబరు దొరికింది. దాత పేరు మాత్రం తెలియదు. పేరు లేకుండా పాత పుస్తకాల్లో వెతికిస్తారా?

దస్తావేజు లేఖరి
వెతికిస్తారు. సర్వే నంబరు, గ్రామం, ఏ సంవత్సరం నుంచి ఏ సంవత్సరం వరకు అన్నది దరఖాస్తులో రాయండి. 1948 నుంచి 1960 వరకు అడగండి. అప్పట్లో మీ ఊరు ఏ సబ్ రిజిస్ట్రారు ఆఫీసు కిందుండేదో ముందు కనుక్కోండి, ఇప్పటిదీ అప్పటిదీ ఒకటే కాకపోవచ్చు. పత్రం నంబరు దొరికితే సర్టిఫైడ్ కాపీ ఇస్తారు. రెండు కాపీలు తీసుకోండి, ఒకటి బడి బీరువాలో పెట్టండి, ఇంకొకటి పంచాయతీ ఆఫీసులో ఇవ్వండి.

పాలమూరు పిల్లగాడు
అన్నా, దాత పేరు దొరికితే ఇక్కడ ఒక ముక్క రాయి. మేమందరం ఎదురుచూస్తున్నం.

రేపల్లె ప్యాసింజర్
తప్పకుండా రాస్తాను తమ్ముడూ. దరఖాస్తు సోమవారం ఇస్తున్నాం.